శిస్తు కేసులో హైకోర్టు ఆర్డరు ఇచ్చినా తహసీల్ ఆఫీసు కదలకపోతే: కంటెంప్ట్ ఎలా వేయాలి

పర్లాకిమిడి, కాశీనగరం, గుణుపురం, రాయగడ, జయపురం, ఇటు బరంపురం వైపు, అంటే దక్షిణ ఒడిశాలో ఉంటున్న మన తెలుగువాళ్ల కోసం ఇది రాస్తున్నాను. భూమి శిస్తు గొడవ మీద కటక్ దాకా వెళ్లి, ఫీజులు కట్టి, ఏళ్ల తరబడి ఎదురుచూసి హైకోర్టు ఆర్డరు తెచ్చుకుంటారు. తీరా చూస్తే తహసీల్ ఆఫీసులో ఫైలు కదలదు, పాత బకాయి అలాగే కనిపిస్తుంటుంది, పైగా ఇంకో నోటీసు వస్తుంది. అప్పుడు ఎవరో ఒకరు "కంటెంప్ట్ వేసెయ్యి" అంటారు, అంటే కోర్టు ధిక్కరణ పిటిషన్. వేయొచ్చు, అది మీ హక్కే. కానీ నేను చూసినంతలో ఇలాంటి పిటిషన్లు వీగిపోయేది అధికారి మంచివాడని కాదు. ఆర్డరు ఆయన చేతికి ఏ రోజు అందిందో చూపించే కాగితం మన దగ్గర ఉండదు, లేదంటే ఆర్డరులో లేనిదాన్ని మనం అడుగుతాం. ఈ రెండూ సరిచూసుకుంటే సగం పని అయిపోయినట్టే. లాయరు లేకుండా నడిపేయమని చెప్పడం లేదు. లాయరు దగ్గరికి వెళ్లేముందు మీ చేతిలో ఏమేం ఉండాలో చెప్తున్నాను.

మన వైపు శిస్తు గొడవలు దాదాపు కొన్ని రకాలే. పొలాన్ని ఇళ్ల స్థలంగా, అంటే ఘరబారిగా మార్చమని ఒడిశా భూసంస్కరణల చట్టం 8-ఎ సెక్షన్ కింద దరఖాస్తు పెడితే ప్రీమియం లెక్క ఎక్కువ వేయడం ఒకటి. పట్టాలో కిసం, అంటే భూమి రకం తప్పు పడి, దాని మీద ఖజణా (శిస్తు) తప్పుగా లెక్క కట్టడం ఇంకొకటి. మ్యుటేషన్ (రికార్డులో పేరు మార్పు) పెండింగులో ఉందని మీ పేరున శిస్తు కట్టించుకోకపోవడం, ఎప్పుడో అమ్మేసిన భూమి బకాయి మీ మీద చూపించడం, ఆ బకాయికి సర్టిఫికెట్ కేసు (ప్రభుత్వ బకాయి వసూలు కేసు) పెట్టి జప్తు నోటీసు పంపడం ఇలాంటివే. వీటిలో దేని మీదైనా మీరు రిట్, అంటే అధికారుల చర్య మీద హైకోర్టులో పిటిషన్ వేస్తే కోర్టు నుంచి వచ్చేది సాధారణంగా మూడు రకాల ఆర్డర్లలో ఒకటి. బకాయి వసూలు మీద స్టే, లేదా డిమాండు కొట్టేస్తూ తుది తీర్పు, లేదా "పిటిషనర్ అర్జీని ఎనిమిది వారాల్లో పరిశీలించి కారణాలు రాసి నిర్ణయం చెప్పండి" అనే మాట. మూడోదే ఎక్కువగా వస్తుంది. జనం ఎక్కువగా అపార్థం చేసుకునేదీ దాన్నే.

ముందు ఆర్డరు చివరి పేరా చదవండి

కంటెంప్ట్‌కి ఆధారం 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం. అందులో సివిల్ ధిక్కరణ అంటే కోర్టు తీర్పును, ఆదేశాన్ని, రిట్‌ను కావాలని పాటించకపోవడం, లేదా కోర్టుకిచ్చిన హామీని కావాలని తప్పడం. "కావాలని" అన్న మాటే ఈ కేసు మొత్తానికి ప్రాణం. ఆలస్యం అయిందనో, క్లర్కు ఫైలు ఎక్కడో పెట్టాడనో అంటే చాలదు. ఆర్డరు ఉందని తెలిసి కూడా పాటించలేదని కనపడాలి.

మీ ఆర్డరు కాపీ తీసి చివరి పేరా, అంటే కోర్టు అసలు ఏం చేయమందో ఆ భాగం, ఎవరిచేతనైనా నెమ్మదిగా చదివించుకోండి. ఇంగ్లిషు రాకపోతే లాయరు గుమాస్తా చెప్పే సారాంశంతో సరిపెట్టుకోవద్దు, ఒక్కో మాటా తెలుగులో చెప్పించుకోండి. అర్జీని పరిశీలించమని మాత్రమే రాసి ఉంటే, తహసీల్దారు దాన్ని పరిశీలించి "కుదరదు" అని కారణాలు రాసి పంపినా ఆర్డరు పాటించినట్టే. ఆ నిర్ణయం తప్పే కావచ్చు, కానీ అది కంటెంప్ట్ అవదు. 1996లో సుప్రీంకోర్టు ఈ విషయం స్పష్టంగా చెప్పింది: అధికారి ఒకసారి నిర్ణయం తీసుకున్నాక అది ఒప్పా తప్పా అనేది కొత్త వివాదం, దానికి వేరే దారి వెతుక్కోవాలి. అలాగే కంటెంప్ట్ వింటున్న జడ్జి పాత ఆర్డరులో లేని కొత్త ఊరటను జోడించరు. "నా శిస్తు తగ్గించండి" అని కంటెంప్ట్‌లో అడిగితే దొరకదు, "తగ్గించి లెక్క కట్టమని మీరు చెప్పారు, కట్టలేదు" అంటేనే దొరుకుతుంది.

స్టే ఆర్డరు అయితే ఇంకో మెలిక ఉంది. "బలవంతపు చర్య తీసుకోవద్దు" అని ఉంటే, మామూలుగా బకాయి గుర్తుచేస్తూ వచ్చిన ఉత్తరం మీద కంటెంప్ట్ నిలబడటం కష్టం. అదే ధాన్యమో ట్రాక్టరో జప్తు చేసినా, భూమి వేలానికి నోటీసు అంటించినా అది వేరే సంగతి. ఇక స్టేకి షరతు పెట్టారా అని తప్పకుండా చూడండి. "బకాయిలో సగం నాలుగు వారాల్లో కట్టాలి" అన్నట్టు ఉంటే, ఆ గడువు మీరు దాటేస్తే స్టే మీకు రక్షణగా నిలవదు, ఎదుటివాళ్ల మీద కంటెంప్ట్ వేసే నైతిక బలమూ ఉండదు. మీరే కోర్టుకి హామీ ఇచ్చి తప్పితే కంటెంప్ట్ మీ మీదికే తిరుగుతుంది. వివాదం లేని శిస్తు మాత్రం ఆపకుండా ప్రతి ఏడాదీ కడుతూ రసీదు దాచుకోండి, ఆన్‌లైన్‌లో కట్టినా ప్రింటు తీసి పెట్టుకోండి. మీరు ఎగవేతదారు కాదని చెప్పడానికి అంతకంటే మంచి కాగితం లేదు.

మన సరిహద్దులో కంటెంప్ట్ అనే మాట చాలామందికి కొటియా వల్ల తెలుసు. కోరాపుట్ జిల్లా పొట్టంగి బ్లాకులో ఆ 21 గ్రామాల మీద ఒడిశాకీ ఆంధ్రాకీ గొడవ. 1968లో సుప్రీంకోర్టు యథాతథ స్థితి ఉంచమంది. 2021లో ఆంధ్రా అక్కడ పంచాయతీ ఎన్నికలు పెట్టినప్పుడు ఒడిశా ప్రభుత్వం ఆంధ్రా అధికారుల మీద సుప్రీంకోర్టులో కంటెంప్ట్ పిటిషన్ వేసింది. రాష్ట్ర ప్రభుత్వమైనా సరే తన పిటిషన్ నిలబెట్టుకోవాలంటే పాత ఆర్డరులోని మాటలనే చూపించాలి. ఇక మన సంగతి చెప్పేదేముంది.

కాపీ అందజేయడం: ఇక్కడ బద్ధకించొద్దు

అర్జీ పరిశీలించమనే ఆర్డర్లలో గడువు సాధారణంగా "ఈ ఆర్డరు సర్టిఫైడ్ కాపీ సమర్పించిన తేదీ నుంచి" అని ఉంటుంది. అంటే మీరు కాపీ ఇవ్వనంతకాలం గడియారం మొదలే కాదు. ఆర్డరు వచ్చి ఏడాది దాటినా, కాపీ ఇచ్చిన రుజువు లేకపోతే అధికారి "నాకు అందలేదు" అని ఒక్క మాటతో తప్పించుకుంటాడు.

అందుకే ఆర్డరు వచ్చిన వెంటనే సర్టిఫైడ్ కాపీకి అప్లై చేయించండి. వెబ్‌సైట్ నుంచి దించుకున్న కాపీ మీ అవగాహనకి పనికొస్తుంది, ఆఫీసులో ఇవ్వడానికి సర్టిఫైడ్ కాపీయే మేలు. దాని జిరాక్స్, ఒక పేజీ కవరింగ్ లెటరు, మీ పాత అర్జీ కాపీ, పట్టా కాపీ కలిపి ఒక సెట్టు చేయండి. ఒరిజినల్ సర్టిఫైడ్ కాపీ చేతిలో ఉంచుకుని చూపించండి, వదిలేసి రావద్దు. ఎప్పుడూ రెండు సెట్లు పట్టుకెళ్లండి, ఒకటి వాళ్లకి, ఒకటి మీ కాపీ మీద సీలు వేయించుకోవడానికి.

కౌంటర్ దగ్గర ఏం జరుగుతుందో మనకి తెలిసిందే. "ఆజ్ఞా, ఇది హైకోర్టు ఆర్డరు, రిసీవ్ చేసుకుని సీలు వేయండి" అంటే, క్లర్కు కవరు తీసుకుని పక్కన పెట్టి "సరే వెళ్లు" అంటాడు. వెళ్లొద్దు. మీ కాపీ మీద మూడు ఉండాలి: ఆఫీసు సీలు, తేదీ, డైరీ నంబరు. గుండ్రటి సీలు ఒక్కటే వేసి తేదీ దగ్గర ఖాళీ వదిలేస్తుంటారు. ఆ ఖాళీయే రేపు కోర్టులో మీ కొంప ముంచుతుంది. తేదీ చేత్తో రాయించి పక్కన పొట్టి సంతకం పెట్టించుకోండి. "డైరీ నంబరు రేపు ఇస్తాం" అంటే రేపు మళ్లీ వెళ్లండి. గొంతు పెంచకండి, గొడవ పడకండి, అక్కడ జరిగిన రభస తర్వాత మీ మీదే కేసుగా మారుతుంది. తీసుకోకపోతే బయటికొచ్చి పోస్టాఫీసుకి వెళ్లడమే.

చేత్తో ఇచ్చినా సరే, పోస్టులో కూడా పంపండి. రిజిస్టర్డ్ పోస్టును 2025లో స్పీడ్ పోస్టులో కలిపేశారు కాబట్టి ఇప్పుడు స్పీడ్ పోస్టులోనే డెలివరీ రుజువు అడిగి పంపాలి. రసీదు మీద నంబరు పెట్టి ట్రాకింగ్ పేజీ చూసి, "డెలివర్డ్" అని వచ్చిన రోజే ప్రింటు తీసుకోండి. నెలలు గడిచాక వెతికితే ఆ వివరాలు కనపడకపోవచ్చు. తహసీల్దారుకే కాదు, ఆర్డరులో ఎవరెవరిని ప్రతివాదులుగా రాశారో వాళ్లందరికీ, కలెక్టరు ఉంటే కలెక్టరుకీ, వేరువేరుగా పంపండి. ఆర్‌ఐ (రెవెన్యూ ఇన్‌స్పెక్టర్) ఆఫీసులో ఇచ్చి తహసీల్దారుకి ఇచ్చినట్టే అనుకునేవాళ్లున్నారు, అది చెల్లదు.

కవరింగ్ లెటరు ఒడియాలోనో ఇంగ్లిషులోనో ఉండాలి. అందులో ఉండాల్సింది ఇంతే:

"ఫలానా నంబరు రిట్ పిటిషన్లో గౌరవ హైకోర్టు ఫలానా తేదీన ఇచ్చిన ఆర్డరు సర్టిఫైడ్ కాపీ జతపరిచి సమర్పిస్తున్నాను. ఫలానా మౌజా, ఖాతా, ప్లాటు నంబరు భూమికి సంబంధించిన నా ఫలానా తేదీ అర్జీని ఆర్డరులో చెప్పిన గడువులోగా పరిష్కరించి, నిర్ణయాన్ని రాతపూర్వకంగా తెలియజేయమని కోరుతున్నాను."

దీంట్లో బెదిరింపు వద్దు, కష్టాల కథ వద్దు, రాజకీయ నాయకుడి పేరు అసలే వద్దు. ఈ ఉత్తరం రేపు జడ్జి చేతిలోకి వెళ్తుంది.

గడువు లెక్క

చట్టంలో 20వ సెక్షన్ ప్రకారం ధిక్కరణ జరిగిన రోజు నుంచి ఏడాదిలోగా కదలాలి. ఏ రోజు జరిగింది అనేదే లెక్క. ఉదాహరణకి ఆర్డరు జనవరి 10న వచ్చింది, మీరు సర్టిఫైడ్ కాపీ ఫిబ్రవరి 3న తహసీల్ ఆఫీసులో ఇచ్చారు, గడువు ఎనిమిది వారాలు. లీపు సంవత్సరం కాకపోతే మార్చి 31తో గడువు ముగుస్తుంది. ఏప్రిల్ 1 నుంచి ధిక్కరణ మొదలైనట్టు. వచ్చే ఏడాది మార్చి నెలాఖరులోగా పిటిషన్ దాఖలై ఉండాలి. ఏడాదిలోగా మీరు ఫైల్ చేస్తే చాలు, కోర్టు నోటీసు ఆలస్యంగా ఇచ్చినా ఇబ్బంది లేదని సుప్రీంకోర్టు 2001లోనే చెప్పింది.

మనవాళ్లు ఎక్కువగా పడిపోయే గోతి ఇక్కడే ఉంది. గడువు దాటాక ఇంకో రిమైండరు, ఇంకో రిమైండరు పంపుతూ పోతారు, ఆఖరి రిమైండరు నుంచి ఏడాది ఉందనుకుంటారు. లేదు. మీరు వంద ఉత్తరాలు రాసినా గడువు కొత్తగా మొదలవదు. "వాళ్లు ఇప్పటికీ పాటించడం లేదు కాబట్టి తప్పు కొనసాగుతూనే ఉంది" అని వాదిద్దామన్నా అది అన్నిచోట్లా చెల్లదు. 2024 జులైలో ఒక తెలంగాణ భూమి కేసులో సుప్రీంకోర్టు సరిగ్గా ఈ వాదననే ఒప్పుకోకుండా, గడువు దాటి వేసిన కంటెంప్ట్ మీద హైకోర్టు ఇచ్చిన ఆదేశాలను పక్కన పెట్టింది. ఆర్డరులో గడువే లేకపోతే మరీ జాగ్రత్తగా ఉండాలి. కాపీ అందజేసి, సహేతుకమైన సమయం చూసి, లాయరుతో తొందరగా మాట్లాడండి.

గడువు ముగిశాక లాయరు నోటీసు ఒకటి పంపించడం మంచి పద్ధతి. చట్టం తప్పనిసరి అనలేదు, కానీ "తెలిసి కూడా చేయలేదు" అనడానికి అది బలం. చాలాసార్లు ఆ నోటీసు తోనే ఫైలు కదులుతుంది కూడా.

ఇంకో ఆయుధం సమాచార హక్కు. "ఫలానా రిట్ ఆర్డరు మీ ఆఫీసుకి ఏ తేదీన అందింది, ఏ డైరీ నంబరు, దాని మీద ఫైలు నోట్‌షీటు కాపీ ఇవ్వండి" అని అడగండి. ఒడిశాలో ఫారం-ఎ లోనే దరఖాస్తు పెట్టాలి, తెల్లకాగితం మీద రాసిస్తే తిప్పి పంపుతారు. 30 రోజుల్లో జవాబు రావాలి. నోట్‌షీటులో "హైకోర్టు ఆర్డరు సమర్పించడమైనది, ఆదేశాల కొరకు" అని గుమాస్తా రాసి, కింద అధికారి సంతకం పెట్టి తేదీ వేసి, ఆ తర్వాత నెలల తరబడి ఏమీ లేకపోతే, "కావాలని" అనడానికి ఇంతకంటే సాక్ష్యం ఏం కావాలి?

పిటిషన్లో ఎవరి పేరు పెట్టాలి

రిట్‌లో "తహసీల్దారు, పర్లాకిమిడి" అని హోదా రాస్తే సరిపోతుంది. కంటెంప్ట్‌లో సరిపోదు, మనిషి పేరు కావాలి. శిక్ష పడేది కుర్చీకి కాదు కదా. ఆర్డరు అందిన రోజు నుంచి గడువు ముగిసేదాకా ఆ కుర్చీలో ఎవరున్నారో పేరుతో సహా తెలుసుకోండి. మధ్యలో బదిలీ అయితే కొత్తగా వచ్చినవారికి మళ్లీ కాపీ అందజేసి రుజువు పెట్టుకోండి. పాత అధికారి "నేను వెళ్లిపోయాను" అంటాడు, కొత్తాయన "నాకు తెలియదు" అంటాడు, ఈ ఇద్దరి మధ్య మీరు నలిగిపోకూడదు. కక్షతో కలెక్టరు నుంచి బంట్రోతు దాకా అందరి పేర్లూ ఇరికించడం మాత్రం వద్దు. పాటించాల్సిన బాధ్యత ఆర్డరులో ఎవరి మీద ఉందో వాళ్లే చాలు, ఎక్కువ పేర్లు పెడితే కోర్టు మీ ఉద్దేశాన్నే శంకిస్తుంది.

రాష్ట్రం పేరు 2011లో ఒడిశా అయినా కోర్టు పేరు ఇప్పటికీ ఒరిస్సా హైకోర్టే. అక్కడ కంటెంప్ట్ కేసులకి సీఓఎన్‌టీసీ (CONTC) అనే నంబరు పడుతుంది, వెబ్‌సైట్‌లో కేసు స్టేటస్ చూసుకునేటప్పుడు ఆ రకం ఎంచుకోవాలి. సివిల్ ధిక్కరణకి అడ్వొకేట్ జనరల్ అనుమతి అక్కర్లేదు, అది క్రిమినల్ ధిక్కరణకి. పిటిషన్‌తో పాటు అసలు ఆర్డరు, కాపీ అందిన రుజువులు, లాయరు నోటీసు, మీ అఫిడవిట్ జతపడతాయి. పట్టా, ఖజణా రసీదులు ఒడియాలో ఉంటాయి కాబట్టి ఇంగ్లిషు అనువాదం పెట్టాలి. మన పర్లాకిమిడి వైపు చాలా ఇళ్లలో మద్రాసు ప్రెసిడెన్సీ కాలం నాటి తెలుగు దస్తావేజులు ఉన్నాయి, 1936 ఏప్రిల్ 1న ఒడిశా ఏర్పడకముందువి. అవి కేసుకి నిజంగా అవసరమైతేనే అనువాదం చేయించి పెట్టండి. కంటెంప్ట్‌లో భూమి ఎవరిదని ఎవరూ అడగరు, ఆర్డరు పాటించారా లేదా అన్నదే ప్రశ్న. తాతగారి దస్తావేజు ఎంత విలువైనదైనా ఈ పిటిషన్లో బరువే.

సివిల్ కోర్టు ఇంజంక్షన్, అంటే ఫలానా పని చేయొద్దనే ఆదేశం ఇచ్చి ఉంటే మాత్రం దారి వేరు. దానికి సివిల్ ప్రొసీజర్ కోడ్ 39వ ఆర్డరు 2-ఎ రూలు కింద అదే కోర్టులో దరఖాస్తు వేయాలి. ఆస్తి జప్తు చేయొచ్చు, మూడు నెలల దాకా సివిల్ జైలు వేయొచ్చు. ఇది బరంపురంలోనో పర్లాకిమిడిలోనో అయిపోయే పని, దీనికి కటక్ పరుగెత్తక్కర్లేదు.

వాయిదాల్లో ఏం జరుగుతుంది

మొదటి వాయిదాకే అధికారిని జైలుకి పంపిస్తారని ఆశపడొద్దు. ఒరిస్సా హైకోర్టులో తరచూ జరిగేదేమిటంటే, మొదటి కంటెంప్ట్‌లో "ఇంకో అవకాశం ఇస్తున్నాం, ఇన్ని వారాల్లో పాటించండి, లేకపోతే పిటిషనర్ మళ్లీ రావచ్చు" అని చెప్పి ముగించేస్తారు. ఓడిపోయామని బాధపడేవాళ్లున్నారు. అది ఓటమి కాదు. ఆ కొత్త ఆర్డరు కాపీని మళ్లీ అదే పద్ధతిలో, సీలు, తేదీ, డైరీ నంబరుతో అందజేయండి. ఈసారి గడువు దాటితే రెండో కంటెంప్ట్‌లో అధికారి చెప్పుకోవడానికి పెద్దగా ఏమీ మిగలదు.

నోటీసు ఇస్తే అధికారి షోకాజ్ అఫిడవిట్, అంటే తన వివరణ వేస్తారు. తరచుగా వాయిదాకి ముందు రోజో రెండు రోజుల ముందో పని పూర్తి చేసేసి, క్షమాపణతో పాటు పాటించినట్టు అఫిడవిట్ పెడతారు. చట్టం ప్రకారం శిక్ష ఆరు నెలల దాకా సాధారణ జైలు, లేదా రెండు వేల రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ. నిజాయితీగా క్షమాపణ చెప్తే కోర్టు వదిలేయొచ్చు. మీ కడుపుమంట నాకు అర్థమవుతుంది, అన్నేళ్లు తిప్పించుకున్నవాడు ఒక్క "సారీ"తో బయటపడితే మండుతుంది. కానీ మీకు కావాల్సింది సరైన శిస్తు లెక్క, సరైన రసీదు. అది చేతికొస్తే తీసుకోండి. కోర్టు శిక్ష వేయకుండా ముగించేస్తే దాని మీద మీకు కంటెంప్ట్ అప్పీలు ఉండదు. 19వ సెక్షన్ అప్పీలు శిక్ష పడినవాళ్లకే అని 2006లో సుప్రీంకోర్టు తేల్చింది. ఈ కేసు కోర్టుకీ అధికారికీ మధ్య నడిచేది, మీరు సమాచారం ఇచ్చినవాళ్లు.

అధికారిని కోర్టులో నిలబెట్టాలని పట్టుబట్టకండి. 2024 జనవరి 3న సుప్రీంకోర్టు ప్రభుత్వ అధికారులను మాటిమాటికీ స్వయంగా పిలిపించవద్దని, పిలవాల్సి వస్తే ముందు వీడియో ద్వారా హాజరయ్యే అవకాశం ఇవ్వాలని పద్ధతి ఖరారు చేసింది.

ప్రభుత్వం "మేం అప్పీలు వేశాం" అంటే కంగారు పడొద్దు. అప్పీలు వేసినంత మాత్రాన మీ ఆర్డరు ఆగదు, స్టే వస్తేనే ఆగుతుంది. అప్పీలు నంబరు అడిగి వెబ్‌సైట్‌లో స్టే ఉందో లేదో చూసుకోండి. స్టే పిటిషన్ పెండింగులో ఉంటే మాత్రం కంటెంప్ట్ కొన్నాళ్లు పక్కకి పెట్టే అవకాశం ఉంది.

అధికారి నిర్ణయం రాసి పంపి, అది మీకు వ్యతిరేకంగా వస్తే, కంటెంప్ట్ పట్టుకుని వేలాడకండి. కారణాలు చదవండి. కిసం గురించి రికార్డు చూడకుండా రాశారా, మీ మాట వినకుండా రాశారా, ఏ చట్టం కింద ఆ పన్ను వేశారో చెప్పారా? రాజ్యాంగం 265వ అధికరణ ప్రకారం చట్టం ఇచ్చిన అధికారం లేకుండా ఏ పన్నూ వేయకూడదు, వసూలు చేయకూడదు. ఈ లోపాలన్నీ కొత్త అప్పీలుకో రిట్‌కో పనికొస్తాయి, అప్పీలుకి మాత్రం గడువు ఉంటుంది, ఆలస్యం చేయకుండా లాయరుని అడగండి.

ఈ మధ్యలో ఫేస్‌బుక్‌లోనో వాట్సాప్ గ్రూపులోనో జడ్జి గురించి, "డబ్బులు తిన్నారు" లాంటి మాటలు రాయకండి. అది క్రిమినల్ ధిక్కరణ దాకా పోతుంది, అప్పుడు కటక్ వెళ్లాల్సింది మీరు.

ఖర్చు, ప్రయాణం

ఆడవాళ్లు, ఎస్సీ, ఎస్టీ వర్గాలవారు, వికలాంగులు అయితే ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయసహాయానికి అర్హులు, 1987 చట్టం 12వ సెక్షన్‌లో ఉంది. జిల్లా కోర్టులో ఉండే న్యాయసేవల సంస్థలో దరఖాస్తు ఇస్తే హైకోర్టు లీగల్ సర్వీసెస్ కమిటీ ద్వారా లాయరుని ఇస్తారు. సావిత్రమ్మలూ లక్ష్మమ్మలూ పేరున పట్టా ఉన్న ఇళ్లలో, కేసు కూడా ఆవిడ పేరునే నడుస్తుంటే, ఈ సౌకర్యం ఎందుకు వదులుకుంటారో నాకు అర్థం కాదు. కోరాపుట్, మల్కన్‌గిరి వాళ్లకి ఇంకో వెసులుబాటు ఉంది, 2023లో హైకోర్టు అక్కడ వర్చువల్ హైకోర్టు తెరిచింది. కటక్ దాకా ఒక రోజు ప్రయాణం చేయకుండా జిల్లా కేంద్రం నుంచే విచారణ నడిపించొచ్చేమో మీ లాయరుని అడగండి.

పని అయ్యాక

అధికారి అఫిడవిట్‌లో "సరిచేశాం" అని రాశాక కేసు ముగించడానికి ఒప్పుకునేముందు మీరే సరిచూసుకోండి. ఒడిశా భూరికార్డుల భూలేఖ్ వెబ్‌సైట్‌లో మీ ఖాతా తెరిచి కిసం, ఖజణా అంకె మారాయా చూడండి. ఆన్‌లైన్‌లో శిస్తు కట్టే పేజీలో పాత బకాయి ఇంకా కనిపిస్తుందేమో చూడండి, ఆర్‌ఐ దగ్గర డిమాండు రిజిస్టరులో కూడా. ఒక చోట మార్చి ఇంకో చోట వదిలేయడం మామూలే, ఏడాది తర్వాత అదే అంకె మళ్లీ బకాయిగా లేస్తుంది. సర్టిఫికెట్ కేసు నడిచి ఉంటే "రద్దు చేశాం" అన్న నోటిమాట వద్దు, ఆ కేసు మూసేసిన ఆర్డరు సర్టిఫైడ్ కాపీ తీసుకోండి. జప్తు నోటీసు సబ్-రిజిస్ట్రారుకి వెళ్లి ఉంటే దాన్ని ఎత్తేసినట్టు అక్కడికీ ఉత్తరం వెళ్లిందో లేదో కనుక్కోండి. లేకపోతే పిల్లల పెళ్లికో చదువుకో ఆ భూమి మీద లోను పెట్టబోయిన రోజున బ్యాంకులో బయటపడుతుంది.